బుడంకాయ, లెవెల్ వంద

మా పెద్దమ్మ ముప్పై మూడేళ్లు జనం రక్తం మీద బతికింది. ఆసుపత్రి ల్యాబులో పొద్దున్నే ఏడింటికల్లా కుర్చీ పక్కన నిలబడి, వచ్చినవాళ్ల చేతికి రబ్బరు పట్టీ బిగించి, "పిడికిలి బిగించండి, అటు చూడండి" అనేది. వాళ్లు అటు చూసేలోపు ఇటు పని అయిపోయేది. తోటి ఉద్యోగులు ఆమెకు దోమ అని పేరు పెట్టారు. ఆమె కూడా ఏమాత్రం మొహమాటం లేకుండా ఫోనెత్తి "దోమని మాట్లాడుతున్నా" అనేది.

ఉద్యోగంలో ఆమెకున్నది ఒకటే మతం, లేబుల్. రక్తం గొట్టంలో పడిన మరుక్షణం, ఆ మనిషి కుర్చీలోంచి లేవకముందే పేరు రాసి అతికించాలి. తర్వాత రాద్దాంలే అనుకున్నవాళ్లు ఒకరి షుగరు ఇంకొకరికి అంటగట్టి చీవాట్లు తింటారు. అతికించిన లేబుల్‌ని పీకకూడదు. పేరు తప్పు పడితే గొట్టం పారేసి మళ్లీ గుచ్చాల్సిందే. "గొట్టం మీద ఎవరి పేరుంటే రక్తం వాళ్లది, ఎవడొచ్చి కాదన్నా సరే" అని కొత్తగా చేరినవాళ్లకు నూరిపోసేది.

అంతటి మనిషి, రిటైరయ్యే వారంలో, మా అమ్మ చేతికి మూడుసార్లు గుచ్చింది. నరం దొరకలేదు.

మా అమ్మ ఆమెకు స్వయానా చెల్లెలు. ఫొటోలకు ఫ్రేములు కట్టే షాపు నడుపుతుంది. రోజంతా అద్దం కోసే మనిషి, వేలు తెగినా కిక్కురుమనదు. అలాంటిది ఆ మూడో పోటుకి నోరు జారింది, అదీ క్యూలో ఉన్నవాళ్లందరూ వినేలా. "ముప్పై మూడేళ్ల సర్వీసంటే ఇదేనా అక్కా? దీనికన్నా కుట్టు మిషను నయం." పెద్దమ్మ తగ్గే రకమా. "నీ ఒంట్లో రక్తం ఉంటేగా దొరకడానికి? ఉన్నదంతా పొగరే" అంది. అమ్మ దూది విసిరేసి లేచి వెళ్లిపోయింది. మర్నాడు ఇంకో ల్యాబుకెళ్లి ఒక్క పోటుకే రక్తం ఇచ్చింది. ఆ సంగతి పెద్దమ్మకు చెప్పి రమ్మని పనిగట్టుకుని నన్ను పంపింది. ఆ శనివారం ల్యాబువాళ్లు పెద్దమ్మకు వీడ్కోలు సభ పెడితే వెళ్లలేదు. ముందు వరసలో ఒక కుర్చీ ఖాళీగా ఉండిపోయింది. పెద్దమ్మ ప్రసంగమంతా ఆ కుర్చీకే చెప్పింది.

అప్పట్నుంచి ఇద్దరికీ మాటల్లేవు. మధ్యలో ఇటు మాట అటు, అటు మాట ఇటు మోసే చాకిరీ నాకు పడింది. యాభై దాటిన ఇద్దరు ఆడవాళ్లు, చెరో మంచి పనీ చేతిలో ఉన్నవాళ్లు, ఒక నరం దగ్గర పేచీ పెట్టుకుని విడిపోవడమేమిటో నాకిప్పటికీ అర్థం కాదు.

రిటైరయ్యాక పెద్దమ్మ ఊరుకుంటుందా? మొదటి వారం వంటింట్లో డబ్బాలన్నిటికీ లేబుళ్లు అతికించింది. రెండో వారం టీవీ రిమోటుకి, గొడుగులకి, మెట్ల కింద చీపురుకి. మూడో వారం పెదనాన్న వంక అదోలా చూడటం మొదలుపెట్టింది. నాకు భయమేసింది. నేను పనిచేసేది వీడియో గేమ్ మెషీన్లు బాగుచేసే షాపులో. ఎవరో బాగుచేయించుకుని, మళ్లీ తీసుకెళ్లడం మరిచిపోయిన రెండు చేతి మెషీన్లు అక్కడ పడున్నాయి. ఓనర్నడిగి తెచ్చి, ఒకటి పెద్దమ్మకి, ఒకటి అమ్మకి ఇచ్చాను. ఒకరికిచ్చి ఒకరికివ్వకపోతే బతకనిస్తారా?

రెండింట్లోనూ ఒకటే గేమ్. గడ్డిలో నడుస్తుంటే మాన్‌స్టర్లు ఎదురొస్తాయి. పోరాడి, అలిసిపోయాక పట్టుకుని, పెంచి పెద్దచేసి, ఎనిమిది ఊళ్ల మొనగాళ్లనూ చివరికి చాంపియన్‌నూ ఓడించాలి. మెషీన్‌లో దూర్చే గేమ్ కార్డులే వేరు: కొండ బొమ్మ ఉన్న కార్డు పెద్దమ్మది, ఏరు బొమ్మ ఉన్నది అమ్మది. ఒకదాంట్లో దొరికేవి కొన్ని ఇంకోదాంట్లో దొరకవు. రెండేసి కార్డులు అమ్ముకోవడానికి కంపెనీవాళ్లు పన్నిన ఎత్తు అది.

మాన్‌స్టర్ చిక్కగానే మెషీన్ "పేరు పెడతారా?" అని అడుగుతుంది. అమ్మ లాంటి మామూలు మనుషులు వద్దని నొక్కి ముందుకెళ్తారు. పెద్దమ్మను పేరడిగితే ఊరుకోగలదా? ఆ క్షణంలో మనసులో ఏముంటే అది రాసేసేది. మీదికి ఉరికే పొట్టేలు సూపరింటెండెంట్. రోజుకు ఇరవై గంటలు నిద్రపోయే బండరాయి, మా పెదనాన్న. రక్తం పీల్చే గబ్బిలానికి మటుకు, న్యాయంగా, తన పేరే పెట్టుకుంది, దోమ అని.

ఆడటం మొదలుపెట్టిన రెండోరోజు చిత్తడి నేలలో ఒక బురదకప్ప దొరికింది. ఒళ్లంతా మట్టి, ఉబ్బిన బుగ్గలు, లోకం మీద అలిగినట్టు మూతి. పెద్దమ్మ క్షణం కూడా ఆలోచించలేదు. బుడంకాయ అని కొట్టింది.

ఊయల్లో ఉన్నప్పట్నుంచీ మా అమ్మను పెద్దమ్మ పిలిచే పేరది. ఈ భూమ్మీద ఇంకెవరూ అలా పిలవరు. నేను పిలిస్తే చెంప పగులుతుంది.

ఎనిమిది నెలలకు పెద్దమ్మ చాంపియన్‌ను మట్టి కరిపించింది. ఆ మధ్యాహ్నం షాపుకి ఫోను. "అయిపోయిందే అమ్మడూ. తెర మీద ఎవరెవరివో పేర్లు పడుతున్నాయి. ఇప్పుడేం చేయాలి?"

వీడ్కోలు సభ నుంచి ఇంటికి తీసుకొస్తుంటే కూడా కారులో ఇదే అడిగింది, ఇదే గొంతుతో. అప్పుడు రేడియో పెట్టి తప్పించుకున్నాను. ఈసారి నా దగ్గర జవాబుంది. "కథ అయిపోయాకే పెద్దమ్మా అసలు గేమ్" అని చెప్పి, చేయాల్సినవన్నీ ఏకరువు పెట్టాను.

గుడ్లు పొదిగించమన్నాను. గేమ్‌లో గుడ్డు పిల్ల కావాలంటే మన బొమ్మ నడుస్తూ ఉండాలి. బొమ్మ నడిస్తే చాలని ఎంత చెప్పినా ఆమెకు నమ్మకం కుదరలేదు, తనూ నడిచేది. హాల్లో సోఫా చుట్టూ రోజుకు రెండొందల చుట్లు. పెదనాన్న కునుకు వరండాలోకి మారింది. నెలకి నలభై పిల్లలు పుట్టాయి, పెద్దమ్మకు మోకాళ్ల నొప్పులు తగ్గాయి. వంద అంతస్తుల గోపురం ఎక్కమంటే ఎక్కింది. ఓడిన మొనగాళ్లతో మళ్లీ తలపడమంటే, "పాపం, ఒకసారి గుచ్చించుకున్నవాళ్లని మళ్లీ గుచ్చడం ఎందుకే" అంటూనే ఎనిమిది మందినీ ఇంకోసారి బాదింది. రంగు మారిన మాన్‌స్టర్లుంటాయి, వేలల్లో ఒకటి కనబడుతుంది, వెతుక్కోమన్నాను. మూడోరోజే మెషీన్ పట్టుకుని షాపుకొచ్చింది. "దీని తెర పాడైందే. నీలంగా ఉండాల్సిన పక్షి ఎర్రగా కనబడింది." ఏదీ ఆ పక్షి అంటే, ఒక్క దెబ్బకి చంపేశానంది. ఆ రోజంతా నాకు అన్నం సహించలేదు.

ఇక మిగిలింది పుస్తకం. మన కార్డులో దొరికే రెండొందల నలభై మాన్‌స్టర్లూ ఒక్కసారైనా మన చేతికొస్తే పుస్తకం నిండినట్టు. పెద్దమ్మ రెండొందల ముప్పై తొమ్మిది నింపింది. రెండొందల నలభయ్యోది బురదకప్ప పెద్ద రూపం. ఎంత పెంచినా అది మారదు. ఇంకొకరి మెషీన్‌లోకి పంపితేనే, అక్కడ మారుతుంది. వాళ్లు మళ్లీ వెనక్కి పంపాలి.

"మరి పంపు, నీ షాపులో బోలెడు మెషీన్లుంటాయిగా" అంది పెద్దమ్మ.

ఇక్కడ నేనొక అబద్ధం ఆడాను. నిజానికి షాపులో ఏదో ఒక మెషీన్‌కి కలిపితే రెండు నిమిషాల పని. కానీ పదకొండు నెలలుగా అటూ ఇటూ తిరిగి నా చెప్పులరిగిపోయాయి. "అలా కుదరదు పెద్దమ్మా. కొండ కార్డుకి ఏరు కార్డే కావాలి. అవతలివాళ్లు కూడా కథ పూర్తి చేసుండాలి. ఇద్దరూ పక్కపక్కన కూర్చుని ఎవరి చేత్తో వాళ్లే నొక్కాలి. రూలు" అన్నాను. రూలంటే ఆ మనిషి ప్రాణమిస్తుంది. ఏరు కార్డెవరి దగ్గరుందో తెలుసు. మెషీన్ తెరను కొంగుతో తుడుస్తూ కూర్చుంది.

"అడిగి చూడు" అంది చివరికి. "నేనడిగానని చెప్పకు."

అమ్మ కథ అప్పటికి రెండు వారాల కిందే ముగిసింది. కొండ కార్డులో మాత్రమే దొరికే పక్షి ఒకటి ఆమెకూ కావాలి. "రమ్మను. నేను రమ్మన్నానని చెప్పకు" అంది.

ఆదివారం మధ్యాహ్నం, మా షాపులో అని ఖాయమైంది. ముందురోజు పెద్దమ్మ కప్పను చూపించింది. దాని నెత్తి మీద బుడంకాయ అని ఉంది. అవతలి మెషీన్‌లోనూ అదే పేరు కనబడుతుంది. అమ్మ ఆ మట్టి మొహాన్ని చూసి, పేరు చూసి, ఇక జన్మలో గడప తొక్కదు. మూడు పోట్లనైనా క్షమిస్తుందేమో గానీ దీన్ని క్షమించదు. "రెండో ఊళ్లో పేర్లు మార్చే ముసలాయన ఉంటాడు, వెళ్లి మార్చించు" అని బతిమాలాను.

"అతికించిన లేబుల్ పీకను" అంది పెద్దమ్మ. కానీ ఆమెకూ తెలుసు. రాత్రి సరిగా నిద్రపోలేదని పెదనాన్న చెప్పాడు. అర్ధరాత్రి లేచి కప్పకు మందులు పట్టిందట, దానికేమీ జబ్బు లేకపోయినా.

ఆదివారం షాపులో బల్లకు చెరో చివరా రెండు స్టూళ్లు వేశాను. అమ్మ గోళ్లలో జిగురుతోనే వచ్చింది. పెద్దమ్మ ఇస్త్రీ బట్టల్లో వచ్చింది. ఇద్దరూ గోడకున్న స్క్రూడ్రైవర్లను లెక్కపెడుతూ కూర్చున్నారు.

"మీ పెద్దమ్మని ఆన్ చేయమను."

"ఎప్పుడో చేశానని మీ అమ్మకి చెప్పు."

అమ్మకు కావలసిన పక్షి ముందు వెళ్లింది. దాని పేరు జీతం. ఎప్పుడూ ఎగిరిపోతుందని అలా పెట్టిందట. అమ్మ మూతి బిగించింది గానీ, నవ్వాపుకోవడానికేనని నాకు తెలుసు. తర్వాత కప్ప వంతు. పెద్దమ్మ బొటనవేలు మీట మీద ఆగిపోయింది. లక్షల మందికి సూది గుచ్చిన చెయ్యి, మీట నొక్కడానికి వెనకాడింది. నొక్కింది.

అమ్మ తెర మీద "బుడంకాయ వచ్చింది" అని పడింది.

అమ్మ ముఖం ఎర్రబడింది. తెర మీద మట్టి పగిలి, పెళ్లలు పెళ్లలుగా రాలి, లోపల్నుంచి పచ్చటి వీపుతో పెద్ద కప్ప లేచి నిలబడింది. మూతి మాత్రం మారలేదు. అమ్మ లేవబోతోందని తలుపుకి అడ్డం నిలబడ్డాను. ఆమె లేవలేదు. దాని వివరాల పేజీ తెరిచింది.

లెవెల్ వంద, గేమ్‌లో అంతకు మించి లేదు. దొరికిన రోజు చూసి అమ్మ వేళ్ల మీద వారాలు లెక్కేసుకుంది. గొడవైన నెలే. జట్టులో మొదటి స్థానం. జట్టులోంచి తీసి గేమ్‌లోని పెట్టెలో దాచింది ఒక్కసారి కూడా లేదు. గెలిచినవి రెండువేల పైచిలుకు. స్పృహ తప్పింది సున్నా.

"ఒక్కసారి కూడా పడిపోలేదా ఇది?" అంది అమ్మ. అడిగింది నన్ను కాదు.

"పడనివ్వలేదు" అంది పెద్దమ్మ. "కోపంతోనే పెట్టానే ఆ పేరు. పెట్టాక దాన్ని పక్కనపెట్టబుద్ధి కాలేదు. దెబ్బ తగిలితే నాకే ఏదోలా ఉండేది."

అమ్మ తెర వంకే చూస్తూ అంది: "ఆ రోజు నీ చేతులు వణికాయి. నేను చూశాను. చూసి కూడా అలా అన్నాను."

"ఆఖరి వారం కదా. ఎవరి చెయ్యి పట్టుకున్నా ఇదే ఆఖరుదేమో అనిపించేది. నీ చెయ్యి పట్టుకుంటే మరీను."

నేను అవసరం లేకపోయినా ఒక మెషీన్ విప్పి, దులపడం మొదలుపెట్టాను.

కాసేపటికి పెద్దమ్మ తన మెషీన్ ముందుకు జరిపింది. "సరే, ఇటు పంపు. నా పుస్తకంలో అదొక్కటే ఖాళీ."

"పంపను."

"పంపనంటే ఏంటే?"

"గొట్టం మీద ఎవరి పేరుంటే రక్తం వాళ్లది, ఎవడొచ్చి కాదన్నా సరే. నువ్వేగా అనేదానివి." అమ్మ మెషీన్ ఆపేసి సంచీలో వేసుకుంది. "వచ్చే ఆదివారం ఇంటికి రా అక్కా. అప్పుడు చూద్దాం."

పెద్దమ్మ నోరు తెరిచింది. సొంత మతమే అడ్డొచ్చి మళ్లీ మూసుకుంది.

ఇది జరిగి అయిదు నెలలైంది. పెద్దమ్మ ఏ ఆదివారమూ మానలేదు. పుస్తకం ఇంకా రెండొందల ముప్పై తొమ్మిది దగ్గరే ఉంది. ఆమె గేమ్ పెట్టెలో ఇంకో రెండు బురదకప్పలు ఉన్నాయని, కావాలంటే షాపులో ఏ మెషీన్‌తోనైనా మార్చుకోవచ్చని, పాపభీతి కొద్దీ మొన్న నిజం చెప్పేశాను. "తెలుసులే, గేమ్‌లోనే రూల్సన్నీ రాసుంటే చదివాను" అంది. "మీ అమ్మ దగ్గర వాగకు."

పోయిన ఆదివారం అమ్మకు మళ్లీ ఏదో పరీక్ష రాశారు. పెద్దమ్మ పాత ల్యాబు నుంచి సూది, గొట్టం తెచ్చుకుని, వంటింటి బల్ల దగ్గర అమ్మ చేతికి పట్టీ బిగించింది. నరం మొదటి పోటుకే దొరికింది. మరుక్షణం పేరు రాసి అతికించి, నా చేతికిచ్చి, ల్యాబుకు పరుగెత్తమంది.

గంటలో నేను అదే గొట్టంతో తిరిగొచ్చాను. బుడంకాయ అనే పేషెంటు తమ రికార్డుల్లో ఎక్కడా లేదని ల్యాబువాళ్లు తీసుకోలేదు. ముప్పై మూడేళ్లలో పెద్దమ్మ ఒక్క లేబుల్ కూడా తప్పు రాయలేదు, ఇదే మొదటిది. పీకడానికి వీల్లేదు కాబట్టి గొట్టం పారేసి మళ్లీ గుచ్చాలి.

అమ్మ రెండో చెయ్యి చాపింది.