మాస్టారు చూసిన చుక్కల గుంపు

మా డ్రాయింగ్ మాస్టారు పోయారన్న సంగతి నాకు బస్సులో తెలిసింది. బందరులో చుట్టాలింటికని బెజవాడలో బస్సెక్కాను. ఒకప్పుడు పామర్రులో నా దగ్గర తొమ్మిదో తరగతి చదివిన కుర్రాడు ఇప్పుడు కండక్టరు. టిక్కెట్టు చింపి ఇస్తూ, "మన చుక్కల మాస్టారు పోయారండీ, మొన్న ఆదివారం. మీకు కబురందలేదా టీచర్?" అన్నాడు.

అందలేదు. నాకు కబురు చేయాలని ఎవరికీ తోచకపోవడంలో తప్పేమీ లేదు. నాకు బదిలీ అయ్యాక నేను ఒక్కసారి కూడా ఆ ఇంటి గడప తొక్కలేదు. పోయినవారి మంచితనాన్ని తలుచుకుంటూ రాయడం వాడుక. మాస్టారి మంచితనం రాయాలంటే నా తప్పు కూడా రాయక తప్పదు.

డెబ్బై మూడులో నేను, మాస్టారు డ్రాయింగ్ చెప్పే పామర్రు హైస్కూల్లో సైన్సు టీచరుగా చేరాను. కొత్త బీయస్సీ, కొత్త ఉద్యోగం, కొంచెం గర్వం. పదో తరగతికి ప్రత్యేక క్లాసులు చెప్పి, చీకటి పడ్డాక బెజవాడ బస్సు కోసం కాచుకునేదాన్ని. ఆ వేళకి మాస్టారు స్కూలు మైదానంలో సైకిలు స్టాండు వేసి, సీటు మీద రెండు మోచేతులూ ఆనించి, బైనాక్యులర్‌తో ఆకాశం చూస్తుండేవారు. మిలిటరీలో పనిచేసిన అన్నగారు ఇచ్చింది అది. చేతులు వణక్కుండా ఉండడానికి సైకిలు సీటంత మంచిది ఇంకోటి లేదనేవారు.

"మన పిల్లలకోడిలో ఎన్ని చుక్కలు కనిపిస్తున్నాయండీ మీకు?" అని అడిగారొకసారి. కృత్తికల్ని మా వైపు అలా అంటారు. ఆరన్నాను. "మూడున్నర వందల ఏళ్ల కిందట ఇటలీలో ఒకాయన దుర్భిణి పెట్టి చూసి ముప్పై పైచిలుకు గీశాడు. పుష్యమిలో మనకి మసకలా కనిపించేదీ మబ్బు కాదండీ, చుక్కల గుంపేనని తేల్చాడు" అన్నారు. ఎవరో ఇచ్చిన పాత తెలుగు పుస్తకం ఒకటి, అందులోని నక్షత్ర పటం ఒకటి, అంతే ఆయన చదువు. కానీ చూసి గీయడంలో ఆయనకి ఒక నియమం ఉండేది. "కనిపించిన చోటే చుక్క పెట్టాలండీ. అక్కడ ఉంటే బాగుంటుందని పెట్టకూడదు" అనేవారు. పిల్లలకి కుండ బొమ్మ నేర్పేటప్పుడూ అదే మాట.

ఆ మాఘంలో ఒక సాయంత్రం నన్ను పిలిచి బైనాక్యులర్ చేతికిచ్చారు. వరసగా మూడు చుక్కలుండే గొల్లకావడి పక్కన తెల్లగా మెరిసే పెద్ద చుక్క ఉంటుంది, ఆకాశంలో దానంత వెలుగున్న నక్షత్రం మరొకటి లేదు. దానికి కాస్త కిందగా చూడమన్నారు. మొదట మసక మరకలా ఉంది. కళ్లు అలవాటయ్యాక అందులో సన్నని చుక్కలు విడివిడిగా తేలాయి.

"నా పటంలో ఇది లేదండీ. కొత్తదని అనను. నాకు తెలియకపోవచ్చు. పెద్దవాళ్లనెవరినైనా అడిగితే బావుణ్ణు. మీరు ఇంగ్లీషులో ఒక ముక్క రాసిపెడతారా?"

ఎనిమిది సాయంత్రాలు చూసి ఇండియన్ ఇంకుతో గీసిన బొమ్మ ఇచ్చారు. ఒక వేధశాలకి పంపాం. ఏ ఊరిదో ఇక్కడ రాయను. మేము పంపామంటున్నాను గాని, ఉత్తరం రాసిందీ పోస్టు చేసిందీ నేను. 'నేను చూశాను, నేను గీశాను' అని రాసి, కింద నా పేరు, బీయస్సీ, మా ఇంటి చిరునామా పెట్టాను. డ్రాయింగ్ మాస్టారి ఉత్తరమంటే వాళ్లు చదవరని నాకు నేను చెప్పుకున్నాను.

నెలలోపే జవాబు వచ్చింది. ఆ గుంపుని మూడు వందల ఏళ్లకు ముందే ఒకరు చూశారట. తరవాత తోకచుక్కల్ని వెదికే ఒక ఫ్రెంచి ఆయన, ఇలాంటి మసక మరకల్ని చూసి తోకచుక్కలని పొరబడకుండా తయారుచేసుకున్న జాబితాలో దీన్నీ చేర్చాడట. అయినా చిన్న బైనాక్యులర్‌తో ఇంత నిజాయితీగా గీయడం మెచ్చదగ్గదనీ, వస్తే పెద్ద దుర్భిణిలో చూపిస్తామనీ రాశారు.

ఉత్తరం మాస్టారికి చూపిస్తే అది ఎవరి పేరున వచ్చిందో చూస్తారు. అందుకని చూపించలేదు. పెళ్లికని చెప్పి సెలవు పెట్టి నేనే వెళ్లాను.

అక్కడి ఆఫీసరు మాస్టారి బొమ్మని బల్ల మీద పరిచి, "మీ చెయ్యి చాలా స్థిరమైందండీ" అన్నాడు. థాంక్సండీ అన్నాను.

తిరిగొచ్చాక మాస్టారు అడిగారు. "జవాబేమైనా వచ్చిందాండీ?"

"లేదు మాస్టారూ."

"పోనీలెండి. వాళ్లకి ఎన్ని పనులుంటాయో."

కొన్నాళ్లకి క్లాసులో నోరుజారి, ఆ గుంపు మధ్యలో నారింజరంగు చుక్క ఉంటుందని చెప్పాను. పిల్లలు ఆయనకి చేరవేశారు. సాయంత్రం వచ్చి, "మధ్యది ఎర్రగా ఉంటుందా అండీ? ఎలా తెలిసింది?" అన్నారు. పుస్తకంలో చదివానన్నాను. "ఒక్క రోజు ఇప్పించండి, చూసి ఇచ్చేస్తాను." లైబ్రరీకి తిరిగి ఇచ్చేశానన్నాను. ఆయన నా మొహంలోకి ఒక్క క్షణం చూసి, సైకిలు స్టాండు తీసి నడిపించుకుంటూ వెళ్లిపోయారు. ఆ తరవాత నా దగ్గర ఆ మాట ఎప్పుడూ ఎత్తలేదు. టీ తెచ్చుకుంటే నాకూ తెచ్చేవారు. మర్యాదలో వీసమెత్తు తేడా లేదు. అదే నాకు భరించరానిదయింది. బదిలీ అడిగి బెజవాడ వచ్చేశాను.

బందరు టిక్కెట్టు చేతిలో ఉండగానే పామర్రులో దిగిపోయాను. మాస్టారి భార్య వసారాలో ఒక్కరే ఉన్నారు. చర్చివాళ్లు అప్పుడే ప్రార్థన చేసి వెళ్లారట. కూర్చోమన్నారు. కూర్చోకుండానే మొత్తం చెప్పేశాను.

ఆవిడ కొంగుతో కళ్లజోడు తుడుచుకున్నారు. "ఆయనకి తెలుసమ్మా. ఎర్ర చుక్క సంగతి విన్న రోజే ఇంటికొచ్చి చెప్పారు. 'అది చదివిన మాట కాదు, ఆవిడ చూసొచ్చింది' అన్నారు."

"మరి నన్ను అడగలేదేమండీ?"

"నేనూ అదే అన్నాను. 'అడిగితే ఆ పిల్ల సిగ్గుపడుద్ది. పెద్ద దుర్భిణిలో ఎలా ఉందో ఎప్పుడో తనే వచ్చి చెబుద్దిలే' అన్నారు. చాలాకాలం ఎదురుచూశారమ్మా. పేరు కోసం కాదు. ఎలా ఉందో వినాలని."

అప్పుడు కూర్చున్నాను. ఆవిడ తన కుర్చీ నా దగ్గరికి లాక్కున్నారు.

"పోనీ నాకు చెప్పు. ఎలా ఉంది?"

చెప్పడం మొదలుపెట్టాను. నల్లటి నేపథ్యం, చల్లిన నూకల్లా చుక్కలు, మధ్యలో ఆ ఒక్కటి నిప్పురవ్వలా. నాలుగు వాక్యాలకే అయిపోయింది. ఆ రోజు ఆ పెద్ద దుర్భిణిలో కన్ను పెట్టినంతసేపూ, ఈ బొమ్మ ఎలా గీశారని ఆఫీసరు ఎక్కడ అడుగుతాడోనని భయపడుతూ ఉన్నాను. నేను సరిగా చూడనేలేదు.

ఆవిడ గడ్డం కింద చెయ్యి పెట్టుకుని, ముందుకు వంగి, "ఊఁ, ఇంకా?" అంటూ నా వైపే చూస్తున్నారు.