మంచులో దేవ్‌మాలి దిగిన సాయంత్రం

మా అక్కకు ఉబ్బసం. నాకు లోయలంటే భయం. ఈ రెండూ తెలిసి కూడా రెండేళ్ళ కిందటి డిసెంబరులో మేమిద్దరం ఒడిశాలోని దేవ్‌మాలి కొండెక్కాం.

అక్క రాయగడలో ముప్పై ఏళ్ళు నర్సుగా పనిచేసి రిటైరైంది. నేను సునాబెడలో బడిపంతులమ్మని. బావ పోయాక అక్క ఏడాదిలో నాలుగైదు నెలలు నా దగ్గరే ఉంటోంది. ఆమెతో కలిసి పనిచేసిన ఒక నర్సు న్యూజిలాండ్ వెళ్ళి, అక్కడి నుంచి ఒక వీడియో పంపింది. సాయంత్రం పూట టూరట అది. నేలలోంచి బుసబుసా ఆవిరి లేస్తోంది, బురద గుంటలు ఉడుకుతున్నాయి. అక్కడి మావోరీ తెగ మగవాళ్ళు నాలుకలు బయటపెట్టి, కళ్ళు పెద్దవి చేసి, తొడలు చరుచుకుంటూ ఆడుతున్నారు. ఆ తర్వాత భూమిలో గొయ్యి తీసి వండిన మాంసం వడ్డించారు. అక్క దాన్ని పదిసార్లు చూసి ఉంటుంది.

"అంత దూరం మనమెక్కడెల్తాం అమ్మీ. మన కొండ మీద మాత్రం పొగ లేదా, ఆట లేదా, తిండి లేదా? ఓ సాయంత్రం ఎల్లొచ్చేద్దాం" అంది.

కొరాపుట్‌లో ఒకతను అలాంటి ట్రిప్పులే వేస్తున్నాడని ఆమె అప్పటికే కనుక్కుంది. దేవ్‌మాలి మీద సూర్యాస్తమయం, ఆ పక్క ఊరి ఆడవాళ్ళ ధింసా నాట్యం, మంట దగ్గర భోజనం, తొమ్మిదికల్లా ఇల్లు. నేను రానన్నాను. చిన్నప్పుడు సాలూరు ఘాట్‌లో మా బస్సు ఒక మలుపు దగ్గర వెనక్కి జారింది. వెనక చక్రం గట్టు అంచున ఆగింది. కిటికీలోంచి కిందికి చూస్తే చెట్ల తలలు కనిపించాయి. ఎవరికీ ఏమీ కాలేదు. కానీ నాకు ఆ చెట్ల తలలు ఇప్పటికీ కలలోకి వస్తాయి. అక్క ఆ బస్సులో లేదు కాబట్టి ఆమెకు అదొక కథ. చివరికి ఆమెను ఒంటరిగా పంపలేక వెళ్ళాను.

వ్యానులో ఏడుగురం. మేమిద్దరం, విశాఖ నుంచి వచ్చిన ముసలి దంపతులు, ఇద్దరు చిన్నపిల్లలతో ఒక తల్లి. నడిపేవాడే గైడు కూడా, నలభై ఏళ్ళ ఒడియా మనిషి. సెమిలిగుడ దాటి కొండదారి పట్టాక నేను కళ్ళు మూసుకున్నాను. అక్క మాత్రం ప్రతి మలుపుకీ ఏం కనిపిస్తోందో చెబుతూనే ఉంది.

పైన నిజంగానే బాగుంది, అది ఒప్పుకోవాలి. సూర్యుడు దిగుతుంటే కొండలు ఒకదాని వెనక ఒకటి నీలంగా మారిపోయాయి. చీకటి పడుతుండగా లోయల్లోంచి పొగమంచు లేవడం మొదలైంది. అన్నం గిన్నె మూత తీసినప్పుడు లేచే ఆవిరిలా మెల్లగా పైకి వచ్చింది. అక్క చప్పట్లు కొట్టి, ఆ న్యూజిలాండ్ ఆవిడకి పంపాలని వీడియో తీసింది. నేను ఆ మంచు ఎంతవరకు వచ్చిందా అని చూస్తూ ఉన్నాను.

మంట చుట్టూ కుర్చీలు వేశారు. డప్పులు, మొహురి అనే సన్నాయిలాంటి వాద్యం మోగాయి. పధ్నాలుగు మంది ఆడవాళ్ళు ఒకరి వెనక నుంచి ఒకరు చేతులు వేసి గొలుసుకట్టుగా ఆడారు. ముందున్నావిడ నా ఈడుదే, యాభై దాటి ఉంటుంది. బొద్దుగా ఉన్నా అడుగు మాత్రం పిల్లలా పడుతోంది. మిగతావాళ్ళు ఆమెను నానీ అని పిలుస్తున్నారు. వాళ్ళ భాషలో నానీ అంటే అక్క. ఆట అయ్యాక నిప్పుల్లో కాల్చిన వెదురుబొంగుల్లోంచి కోడిమాంసం అడ్డాకు విస్తర్లలోకి జారవిడిచారు. మేమూ వాళ్ళూ కలిసే తిన్నాం.

అక్క సగం తిని విస్తరి పక్కన పెట్టేసింది. ముందు నేను పట్టించుకోలేదు. కాసేపటికి ఆమె భుజాలు పైకీ కిందికీ కదలడం చూశాను. మంట పొగ, ఆ చలి, రెండూ కలిశాయి. సంచిలోంచి పఫ్ తీసి నోట్లో పెట్టుకుని నొక్కింది. మళ్ళీ నొక్కింది. దాన్ని చెవి దగ్గర ఊపి చూసుకుంది.

"ఏటక్కా, ఏటైంది?"

"అయిపోనాది" అంది. ఆగి ఊపిరి తీసుకుంది. "దిగిపోదాం. ఇప్పుడే."

ఆమె నర్సు. రోగి ఒక్క ఊపిరిలో పూర్తి మాట చెప్పలేకపోతే అది ఎంత ప్రమాదమో నాకు నేర్పింది ఆమే. ఇప్పుడు ఆమే ముక్కలు ముక్కలుగా మాట్లాడుతోంది.

మేం లేచేసరికి రోడ్డు లేదు. మంట వెలుతురుకి అవతల అంతా తెలుపే. ఫోనులో సిగ్నల్ లేదు. డ్రైవరు వ్యాను లైట్లు వేస్తే ఎదురుగా గోడ కట్టినట్టు మంచు మెరిసింది తప్ప తారు కనపడలేదు. ఇలాంటప్పుడు మామూలుగా తెల్లారేదాకా ఆగుతామని, లైటు పట్టుకుని ఎవరూ ముందు నడవకపోతే ఒక్క మలుపు కూడా తిప్పలేనని అన్నాడు. విశాఖ పెద్దాయన లేచి నిలబడబోయి మోకాలు పట్టుకుని కూర్చుండిపోయాడు. ఆ తల్లి పిల్లలిద్దర్నీ గట్టిగా పట్టుకుంది. అక్క ఛాతీలోంచి వచ్చే ఈల నాకు ఇంజను చప్పుడులో కూడా వినిపిస్తోంది.

ఆ ఆడవాళ్ళ ఊరు రెండు కిలోమీటర్ల కిందే ఉంది. ఎలాగూ నడిచి వెళ్ళాల్సినవాళ్ళే. నానీ డ్రైవరుతో ఏదో మాట్లాడింది. తర్వాత వాళ్ళంతా వ్యాను ముందుకొచ్చి, ఇందాకటిలాగే ఒకరి వెనక నుంచి ఒకరు చేతులు వేసుకుని, రోడ్డు ఈ అంచు నుంచి ఆ అంచు దాకా వరస కట్టారు. రెండు చివర్లా ఇద్దరు అంచు మీదే నడుస్తారు, వాళ్ళ వెనకే వ్యాను పోతుంది. వాళ్ళు పాడుతూ కదిలారు. డ్రైవరు ఎర్ర చీరంచుల్ని చూస్తూ, పాట వింటూ నడక వేగంలో నడిపాడు. నేను అక్కను ఒళ్ళోకి వంచుకుని వీపు రాస్తూ కూర్చున్నాను. ప్రార్థన చేద్దామనుకుంటే ప్రభువా అన్న మాట తర్వాత ఏదీ రాలేదు. ఆ ఒక్క మాటే అంటూ ఉన్నాను.

ఊరు వచ్చాక వరస విడిపోయింది. చంటిపిల్లలున్నవాళ్ళు కొందరు, చలికి వణికిపోతున్న ముసలివాళ్ళు కొందరు, అంతా ఇళ్ళకి వెళ్ళిపోయారు. నానీ మాత్రం ఆగింది. ఇంకో కిలోమీటరున్నర దిగితే మంచు కిందికి వెళ్ళిపోతామని, అక్కడిదాకా తను వస్తానని డ్రైవరుకి చెప్పింది. అయితే రెండు అంచుల్లోనూ మనిషి ఉండాలి. ఒక్క అంచు కనిపిస్తే చాలదని డ్రైవరు అన్నాడు. అని వెనక్కి తిరిగి మా అందరినీ చూశాడు.

నాకు దిగాలని లేదు. ఇది దాచుకోను. ఎవరైనా లేస్తారేమోనని నిజంగానే చూశాను. ఒళ్ళో అక్క గోళ్ళు నీలంగా కనిపించాయి. లోయ భయం కంటే ఆ గోళ్ళ భయం పెద్దదైంది, అంతే. ఆమె తలను పెద్దాయన భార్య ఒళ్ళోకి మార్చి దిగాను.

నానీ లోయ వైపు అంచు తీసుకుంది, నాకు కొండ వైపు ఇచ్చింది. చేతిలో ఫోను లైటు. నా పాదాలు, వాటి ముందు ఒక మూర తారు, అంతకుమించి ఏమీ కనిపించడం లేదు. ఎడమచేత్తో కొండరాయిని తడుముకుంటూ నడిచాను. అటువైపు నుంచి నానీ ఒక చరణం పాడి ఆగేది. నేను కూడా పాడాలని ఆమె ఉద్దేశమని కాసేపటికి అర్థమైంది. నాకు ఆ పాట రాదు. బడిలో హాజరు పిలిచినప్పుడు పిల్లలు చెప్పినట్టు "ఉన్నాను" అన్నాను. ఆమె మళ్ళీ పాడింది. నేను మళ్ళీ ఉన్నానన్నాను. అలా ఒక మలుపు దాకా వెళ్ళాం.

ఆ మలుపు వెనక్కి తిరిగే మలుపు. నేను ఆలోచించలేదు. చేతికింద రాయి తగలడం ఆగిపోయింది. ఇంకో రాయి దొరుకుతుందని చెయ్యి చాపాను. గాలి తగిలింది. కింద నుంచి పైకి కొడుతున్న చల్లగాలి. అప్పుడు తెలిసింది, దారి మెలిక తిరగడంతో లోయ నా వైపుకి వచ్చేసిందని.

నిలబడిపోయాను. బస్సు కిటికీలోంచి చూసిన చెట్ల తలలు నా చెప్పుల కిందే ఉన్నాయనిపించింది. వెనక వ్యాను కూడా ఆగింది. నానీ పాడింది, నేను పలకలేదు. మళ్ళీ పాడింది, ఈసారి గొంతు పెంచి. పాట ఆగిపోయింది. అడుగుల చప్పుడు రోడ్డు దాటి నా దగ్గరికి రావడం విన్నాను. ఒక చెయ్యి నా మణికట్టు దొరకపుచ్చుకుంది. గరుకైన, వేడిగా ఉన్న చెయ్యి.

"డర నాయి. ఆస" అంది. భయం లేదు, రా అని.

ఆమె నన్ను పక్కకి జరిపి తను లోయ వైపు నిలబడింది. నన్ను మళ్ళీ కొండ వైపుకి పంపింది. ఆ తర్వాత ప్రతి మలుపులోనూ అలాగే చేసింది. మలుపు రాగానే వ్యానుని ఆపించి, తనే దాటి వచ్చి స్థలం మార్చేది. ఎన్నిసార్లు మార్చిందో లెక్క తెలియదు. నేను ఉన్నాను ఉన్నాను అంటూనే ఉన్నాను, మధ్యలో ఏడుస్తున్నానని కూడా తర్వాతే తెలిసింది.

ఒకచోట ఉన్నట్టుండి మంచు పలచబడింది. కింద పల్లెల దీపాలు కనిపించాయి. డ్రైవరు ఎక్కండి అని కేకేశాడు. ఎక్కాను. తలుపు వేస్తుంటే నానీ అప్పటికే వెనుదిరిగి ఆ తెలుపులోకి నడుస్తోంది. ఆమెకు ఒక్క మాట కూడా చెప్పలేదు.

సెమిలిగుడ ఆసుపత్రిలో అక్కకు మాస్కు పెట్టి ఆవిరి మందు పీల్పించారు. ఒక ఇంజక్షనూ ఇచ్చారు. గంటన్నరకి ఆమె పెదాలకు రంగు వచ్చింది. ఇంకో అరగంట ఆలస్యమైతే ఏం చెప్పలేకపోయేవాళ్ళమని డాక్టరు అన్నాడు. అక్క ఆ మాస్కు కొంచెం ఎత్తి, నా వైపు చూసి, "బెదిరిపోనావా అమ్మీ?" అని అడిగింది. అవునన్నాను. "నేనూను" అంది. మా ఇద్దరి జీవితంలో ఆమె భయపడ్డానని చెప్పడం నాకు తెలిసి అదే మొదటిసారి.

నెల తిరగ్గానే ఇద్దరం ఆ ఊరు వెళ్ళాం. పగటి పూట, అదే డ్రైవరుతో. నానీ ఇంటి ముందు రాగులు చెరుగుతోంది. మామూలు చీరలో ముందు గుర్తు పట్టలేకపోయాను. ఆమె కోసం చీర తెచ్చిన సంచి పక్కన పెట్టి, చేతులు పట్టుకుని, ఆ రోజు నీకు భయం వెయ్యలేదా అని డ్రైవరు చేత అడిగించాను.

ఆమె నవ్వింది. చాలా భయపడ్డానని చెప్పింది. లోయంటే కాదట, చిన్నప్పటి నుంచి నడిచిన దారేనట. పట్నం నుంచి వచ్చిన మనిషి తన పక్కనుంచి పడిపోతే ఊరికి ఎంత మాట వస్తుందోనని, నా గొంతు వినపడని ఆ కాసేపూ తన గుండె ఆగిపోయిందని చెప్పింది. అందుకే ఒక్కో చరణం పాడి నా గొంతు కోసం ఆగేదట.

అక్క ఆమె పక్కనే అరుగు మీద కూర్చుని చేట అందుకుంది. చెరగడం ఆమెకు సరిగా రాలేదు. గింజలు పొట్టుతో పాటు కింద పడుతున్నాయి. నానీ చేట వెనక్కి తీసుకుని ఎలా పట్టుకోవాలో చూపించింది.