మోటారు చప్పుడు

తొంభైల్లో ఒకసారి పుంగనూరు నుంచి కుప్పం వెళ్తుంటే, దారిలో ఒక టౌను బయట మా బస్సు టైరు పంక్చరయింది. అదీ సరిగ్గా మురుగునీటిని శుద్ధిచేసే పాత ప్లాంటు ముందే! కంపు భరించలేక అందరం కిటికీలు మూసేశాం. నా పక్కనున్న పెద్దాయన మాత్రం కిటికీ తెరిచి చెవి బయటికి పెట్టాడు.

“మూసెయ్యప్పా! ఈ కంపుకు సచ్చేట్టుండాం,” అని కసిరాను.

“మోటారు సప్పుడు ఇనపడతాదేమోనని సూస్తాండానప్పా. అది తిరిగితే ఇంత కంపు రాదు. ఇది కట్టిన కాడ్నించీ దాన్ని తిప్పింది నేనే. కాలిపోయిందని సెప్పేదానికి ఆఫీసుకు పోతే, కంపు కొడతాండావని వాకిలి కాడే నిలబెట్టినారు.”

కిటికీ ఆయనే మూశాడు.

పదేళ్ల తర్వాత అదే దారిలో వెళ్తూ, ఆ ప్లాంటు దగ్గర బస్సు ఆగితే నేను కిటికీ తెరిచాను. వెనక సీట్లోంచి ఎవరో కసిరారు. చప్పుడేమీ వినపడలేదు.