పట్టు దొరకని సముద్రపు గుర్రం

మొన్న జూబ్లీహిల్స్‌లో పళ్ళ డాక్టరు దగ్గర, రెండు పళ్ళు పీకితే మూడోది ఊరికే పీకుతారా అని అడిగి నవ్వులపాలై కూర్చున్నాక, గోడ మీది టీవీలో ఒక సముద్రపు గుర్రం గడ్డిపోచకు తోక చుట్టి ఊగుతూ కనిపించేసరికి, పంటినొప్పి మరిచిపోయి కుర్చీ అంచుకు జరిగాను.

మా నాన్నకు కృష్ణానగర్‌లో రంగుచేపల దుకాణం ఉండేది. ఆ జీవిని అమ్మకూడదన్న చట్టం ఇంకా రాని కాలంలో, ఫిల్మ్‌నగర్‌లో వేసిన పాతాళలోకం సెట్టుకు ఒకటి కావాలన్నారు సినిమావాళ్ళు. బేరం నేనే ఆడాను: అద్దెకు మాత్రమే, ప్రాణంతో తిరిగివ్వాలి. గొప్పగా గెలిచాననుకుని నాన్నతో వెళ్ళి చూస్తే, గాజుతొట్టె నా ఎత్తుంది. కెమెరాకు అడ్డమని లోపలి గడ్డంతా పీకేశారు, నీళ్ళు కదలాలని మోటారు పెట్టారు.

మా దుకాణంలో మోకాలెత్తు నీళ్ళలో నిలువుగా నిలబడి, వీపు మీది చిన్న రెక్కను కంటికి అందనంత వేగంగా ఆడిస్తూ, గొట్టంలాంటి మూతిని నెమ్మదిగా దగ్గరకు చేర్చి రొయ్యపిల్లను టక్కున పీల్చే జీవి, అక్కడ ఎండుటాకులా సుడి తిరుగుతూ మోటారు వైపు జారిపోతోంది. తిన్నది నిలవ ఉంచుకునే పొట్ట లేని ప్రాణి, పొద్దంతా తింటూనే ఉండాలి. వేసిన రొయ్యపిల్లలేమో కొట్టుకుపోతున్నాయి.

“జర మోటారు బంద్ చెయ్యుండ్రి సార్, సచ్చిపోతది,” అన్నాడు నాన్న.

“గుర్రం కదండీ, ఆ మాత్రం ఈదలేదా?” అన్నారు ఆర్ట్ డైరెక్టరు.

“పేరుకే గుర్రం సార్. దానికి ఉరుకుడు రాదు, పట్టుకునుడే వస్తది.”

షాటయ్యేదాకా ఆగమన్నారు. నేను జడ రిబ్బను విప్పి, చివర గులకరాయి కట్టి తొట్టెలోకి వదిలి, రెండో కొసను అంచుకు ముడేశాను. ఆయన కేకలేయబోయి, ఎరుపు రంగు బాగుందనిపించి కాబోలు ఊరుకున్నారు. తోక జారింది, మళ్ళీ జారింది, ఆఖరికి చుట్టుకుంది. అప్పుడే షాటయి మోటారూ ఆపారు. ఆ మధ్యాహ్నమంతా, అడుగున చేరిన రొయ్యపిల్లల కోసం అది కాస్త దిగడం, రిబ్బను పట్టుకుని ఆ లోతుకు అలవాటుపడేదాకా కదలకుండా ఉండటం, మళ్ళీ దిగడం. అడుగుకు చేరి మొదటి రొయ్యపిల్లను పీల్చేవరకూ సెట్టులోవాళ్ళంతా పనులాపి తొట్టె చుట్టూ చేరి చూశారు. సాయంత్రం ఉప్పునీటి బక్కెట్లో ప్రాణంతోనే ఇంటికి తెచ్చుకున్నాం.

ఇప్పుడు ఆ వీధుల్లో సముద్రాలను కంప్యూటర్లలో గీస్తున్నారు. ఏ ప్రాణికీ హాని లేదు, మంచిదే. కానీ లైటు పట్టేవాళ్ళు, డాన్సర్లు, మేకప్ వాళ్ళు, అంతమందిమి ఒక వేలెడంత జీవి తింటుందో లేదోనని భుజాలు రాసుకుంటూ నిలబడి, ఒకే భయాన్ని పంచుకున్నాం చూడండి, అది మాత్రం మళ్ళీ నాకు ఏ గుంపులోనూ ఎదురుకాలేదు.