రాజకుమారి వెనకాల మా పెదనాన్న

నా ఉద్యోగం నిలబడింది గానీ, మా పెదనాన్న నాతో మాటాడ్డం మానేసేడు. ఏటైందో సెప్తాను, నవ్వకండి.

నేను టీవీ సీరియళ్లకి విజువల్ ఎఫెక్ట్స్ చేస్తాను కదా! స్టూడియో హైదరాబాద్‌లో, నేను చోడవరంలో, మా మేడ మీద గదిలో. నటులు పచ్చ తెర ముందు నిలబడి ఏడుస్తారు. ఆ తెర తీసేసి వెనకాల కోటలూ కొండలూ పెట్టేది నేను. మొన్న ఒక రాజుల కాలం సీరియల్లో రాజకుమారి చెరుకు తోటలో ఏడవాలన్నారు. చెరుకు తోటా! కె.కోటపాడు రోడ్డులో మా పెదనాన్నదే ఉంది కదా! పొద్దున్నే వెళ్లి వీడియో తీసుకొచ్చి ఆవిడ వెనకాల పెట్టేసేను. ఆవిడ జుట్టు అంచుల్లో పచ్చరంగు మిగలకుండా చూసుకోడంలోనే నా కళ్లు పోయేయి. తోటలో ఏటుందో ఎవరు చూసేరు?

మా పెద్దమ్మ చూసింది. ఎపిసోడ్ వస్తుండగానే ఫోను.

"ఒసే! టీవీలో మీ పెదనాన్నే!"

"ఎక్కడ పెద్దమ్మా?"

"రాజకుమారి ఎనకాల! లుంగీ ఎగ్గట్టి, సెల్‌ఫోన్లో మాటాడుకుంటా గట్టు మీద పోతన్నాడు!"

నా వీడియో తీసి చూసుకున్నాను, నిజమే! ఈలోగా మా బాసు ఫోను.

"ఆ రాజ్యంలో సిగ్నల్ బాగానే వస్తోందే! ఎవరాయన?"

"మా... మా పెదనాన్న సార్."

"రేపు మధ్యాహ్నం రిపీట్‌లో ఆయన ఉండకూడదు. ఆయనుంటే నువ్వుండవు."

ఇంకేటి చేస్తాను? మర్నాడు పొద్దున్నకల్లా పెదనాన్నని శుభ్రంగా తుడిచేసి పంపించేసేను. హమ్మయ్య అనుకుని వాళ్లింటికెళ్తే... గుమ్మం నిండా చెప్పులు! ముందురోజు తను చూళ్లేకపోయేడని, రిపీట్ చూడ్డానికి వీధంతటినీ పిలిచేసేడు. ఇస్త్రీ చొక్కా. మాడుగుల హల్వా.

"మా తమ్ముడి గుంట నన్ను టీవీలో ఏసింది!" అంటూ నన్ను ముందు వరసలో కూచోబెట్టేడు. అప్పుడే సెప్పేయాల్సింది. నోట్లో హల్వా ఉంది మరి.

సీన్ వచ్చింది. "అదిగో, ఆ గట్టు! ఇప్పుడొస్తాను సూడండి" అన్నాడు పెదనాన్న. రాజకుమారి ఏడ్చింది. కళ్లు తుడుచుకుంది. వెళ్లిపోయింది. గట్టు ఖాళీ. యాడ్స్.

"ఏడయ్యా నువ్వు?" అన్నాడు పక్కింటి అప్పారావు.

"మా ఇంటిది సూసింది బాబూ, ఒట్టు!" అని పెదనాన్న నా వైపు తిరిగేడు. "ఒసే, నన్నేటి సేసేవే?"

"అది... సీన్‌కి అక్కర్లేనివి తీసేయడమే మా పని, పెదనాన్నా."

"అంటే నేను అక్కర్లేనోణ్ణా?"

సరిగ్గా అప్పుడే నా ఫోన్ టింగుమంది. బాసు మెసేజ్: "సూపర్! అక్కడో మనిషి ఉండేవాడన్న జాడే లేదు!"

"ఎవరే?" అంది పెద్దమ్మ.

ఈ ఉద్యోగంలో నాకొచ్చిన మొట్టమొదటి మెచ్చుకోలు అది. "రీఛార్జ్ అయిపోయిందంట పెద్దమ్మా" అన్నాను.