కడుపు మాట ముందు చెప్పమన్న అప్ప

మా తోటికోడలు పోయింది. ఆదివారం పొద్దున్నే వానలో తడుస్తూ మా బావగారు రంగూన్ రేవు దగ్గరి సేక్కాన్ పేట నుంచి సంచౌంగ్ పేటలోని మా ఇంటికి నడిచి వచ్చారు. గుమ్మంలో నిలబడి మా ఆయనతో, "తమ్ముడా, మీ వదిన ఎలిపోనాదిరా" అన్నారు. నిమ్ము చేసి మంచం పట్టిందని మాకు తెలుసు. లేచి తిరుగుతుందనే అనుకున్నాం.

మా వైపు అక్కను పిలిచినట్టు ఆమెను నేను అప్ప అని పిలిచేదాన్ని. పెళ్లయి రంగూన్‌లో ఓడ దిగిన రోజు, వాంతులతో నిలబడలేక తూలుతున్న నన్ను రేవులో పట్టుకుని నడిపించింది అప్పే. చంకలో ఏడాది నిండని కూతురు. చెంపలకు ఇక్కడి ఆడవాళ్లు పూసుకునే చెట్టుబెరడు గంధం. "బెదిరిపోకే పిల్లా, ఈ ఊర్లో వానా, జొరమూ తప్ప మనల్ని కొట్టీవోళ్లు ఎవురూ నేరు" అని నవ్వింది. అలా నవ్వుతున్నప్పుడు కూడా ఆమె కళ్లలో బెదురు ఉండేది. అదేమిటో కొన్నాళ్లకు గాని నాకు తెలియలేదు.

అప్పట్లో రెండు కాపురాలూ సేక్కాన్‌లో ఒకే గదిలో ఉండేవి. మగవాళ్లు రేవు పనికి పోయాక మేమిద్దరం వాకిట్లో కూర్చుని బియ్యం ఏరుకునేవాళ్లం. ఒకనాడు పాప నా ఒళ్లో ఉంది, నా గాజులతో ఆడుకుంటోంది. రేవులో పెద్ద ఓడ కూత వేసింది. నేను అదిరిపడ్డాను. చేటలో బియ్యం ఒలికిపోయాయి. చూరు మీది పావురాలన్నీ ఒక్కసారిగా లేచిపోయాయి. పాప మాత్రం తలైనా ఎత్తలేదు. గాజు వెనక గాజు తోస్తూనే ఉంది.

నేను అప్ప వైపు చూశాను. అప్ప అప్పటికే నన్నే చూస్తోంది.

"సూసినావా?" అంది. "ఎవురికీ సెప్పకే. మీ బావకి ఇంకా తెల్దు."

ఎన్నాళ్ల నుంచో ఒక్కతే మోస్తున్న భయం ఆ రోజు నా ముందు దించింది. కడుపుతో ఉన్నప్పుడు చలిజ్వరం వచ్చిందట. బావగారు మందుల కొట్టుకు వెళ్లి ఇంట్లో జ్వరమని చెప్పారు గాని, భార్య కడుపుతో ఉందని పరాయివాడితో చెప్పడానికి సిగ్గుపడ్డారు. కొట్టువాడు క్వినైను పొట్లాలు కట్టి ఇచ్చాడు. జ్వరం ఒకపట్టాన దిగలేదు. ఈ దేశంకాని దేశంలో చచ్చిపోతానేమోనని అప్ప చెప్పినదానికి రెట్టింపు మింగింది.

"సెవుల్లో సముద్రం ఓరెత్తినట్టు ఓరెత్తిందే. జొరం పోయినాక నా సెవులు బాగైపోనాయి. నా కడుపులోనున్న గుంటకి ఏటైందో నాకెవురు సెప్తారు?"

ఆ మాట అన్నాక పాపను నా ఒళ్లోంచి తీసుకుని గుండెకు గట్టిగా అదుముకుంది. ఊపిరాడక పాప గింజుకుంది.

మరుసటి సంవత్సరం వానాకాలానికి నేను కడుపుతో ఉన్నాను. నాకూ అదే జ్వరం వచ్చింది. పళ్లు టకటకా కొట్టుకుంటున్నాయి, గోనెలు కప్పినా వణుకు ఆగదు. మా ఆయన పొట్లం తెచ్చి నీళ్లలో కలుపుతుంటే అప్ప వచ్చి గ్లాసు లాక్కుంది.

"మరిది బాబూ, కడుపుతో ఉన్నాదని కొట్టోడికి సెప్పినావా?"

మా ఆయన తల దించుకున్నారు.

నేను ఏడ్చాను. "అప్పా, తాగితే పిల్ల పోతాది, తాగకపోతే నాను పోతాను. ఏటి సెయ్యమంతావు?"

అప్ప గ్లాసు పక్కన పెట్టింది. రిక్షా పిలిచి, నన్ను ఒళ్లో వాల్చుకుని సంచౌంగ్‌లో ఒక బర్మా డాక్టరమ్మ దగ్గరికి తీసుకుపోయింది. దారి పొడవునా ఏదో గొణుక్కుంటూనే ఉంది. దేవుణ్ణి తలుచుకుంటోందనుకున్నాను. లోపలికి వెళ్లగానే, నమస్కారమైనా పెట్టకుండా, నా కడుపు మీద చెయ్యి వేసి, "కోవున్, కోవున్" అంది. బర్మా మాటలో కడుపుతో ఉందని. దారంతా వల్లెవేసింది ఆ ఒక్క మాటనే.

డాక్టరమ్మ నన్ను చాలాసేపు చూసింది. ఈ జ్వరాన్ని వదిలేస్తే తల్లీ బిడ్డా ఇద్దరికీ ముప్పేనని, మందు తప్పదని, అయితే తాను కొలిచి ఇచ్చినంతే తాగాలని, చెవుల్లో హోరు మొదలైతే వెంటనే రమ్మని వచ్చీరాని హిందుస్తానీలో చెప్పింది. అప్ప లేవబోయి మళ్లీ కూర్చుంది. తన కూతురి సంగతి అడిగింది. మందు వల్లనేనా?

"అయి ఉండొచ్చు. జ్వరం వల్లా కావొచ్చు. పుట్టుకతోనే వచ్చిందీ కావొచ్చు. నేను చెప్పలేను" అంది ఆవిడ.

తిరిగి వస్తూ అప్ప ఒకే మాట అంది. "కావొచ్చంతే నాను ఎవుర్ని తిట్టుకోవాలే?"

ఆ తర్వాత మందు ప్రతిసారీ అప్పే తాగించింది. గ్లాసు దించగానే, "ఓరుందా? సెవుల్లో ఓరుందా?" అని అడిగేది. లేదంటే నమ్మేది కాదు. వెనక్కి వెళ్లి చిన్నగా పిలిచేది. నేను పలికేదాకా ఆమె ఊపిరి తీసుకోవడం వినపడేది కాదు. జ్వరం దిగింది గాని భయం దిగలేదు. కడుపులో బిడ్డ కదిలినప్పుడల్లా సంతోషానికి ముందు ఆ పాప ముఖమే కళ్ల ముందుకు వచ్చేది.

కొడుకు పుట్టాడు. పురుడు వెళ్లాక ఒక మధ్యాహ్నం అప్ప ఇత్తడి పళ్లెం పట్టుకుని ఉయ్యాల వెనక నిలబడింది. పళ్లెం కింద పడేస్తే బిడ్డ ఉలిక్కిపడతాడో లేదో చూడాలని, కానీ ఎంతసేపటికీ వదల్లేదు. "నువ్వు పడీవే. నాకు సేతులాడ్డం నేదు" అంది. నాకూ ఆడలేదు. అలా ఇద్దరం బొమ్మల్లా చూస్తుండగా పక్కగదిలో ఎవరో తలుపు దభీమని వేశారు. వాడు రెండు పిడికిళ్లూ పైకి విసిరి కెవ్వుమన్నాడు. అప్ప పళ్లెంతో సహా నేల మీద కూలబడి ఏడ్చింది. ఆ ఏడుపులో నా కోసం ఎంత ఉందో, తన కోసం ఎంత ఉందో నేను అడగలేదు. గుమ్మంలో ఆమె కూతురు అమ్మ ఎందుకు ఏడుస్తోందో తెలియక బెదిరిపోయి చూస్తోంది.

అప్పటి నుంచి సేక్కాన్‌లో ఏ కోడలు ఓడ దిగినా అప్ప వెళ్లి కూర్చునేది. "కడుపు మాట ముందు సెప్పు, జొరం మాట తరవాత సెప్పు. మొగోడు సిగ్గుపడితే నువ్వు సిగ్గుపడకు" అనేది. కోవున్ అనే మాట తప్పులేకుండా పలికేదాకా వదిలేది కాదు. మందు తాగొద్దని మాత్రం ఎవరికీ ఏనాడూ చెప్పలేదు. చెప్పకుండా తాగొద్దంది.

ఆదివారం మేము వెళ్లేసరికి వాకిటి నిండా ఆ కోడళ్లే. అందరూ గొల్లుమంటున్నారు. అప్ప కూతురు గోడకు ఆనుకుని ఒక్కొక్కరి నోరూ మార్చి మార్చి చూస్తోంది. ఆ పిల్లకు సంగతి ఎలా చెప్పాలో ఎవరికీ తెలియలేదు. కాసేపటికి తనే లేచి వచ్చి తల్లి పక్కన కూర్చుంది. తల్లి పాడుతున్నప్పుడు ఎప్పుడూ పెట్టే చోట, ఆ గొంతు మీద అరచెయ్యి పెట్టింది. కళ్లు మూసుకుంది. మగవాళ్లు పాడె కట్టడం ముగించి లోపలికి వచ్చినా చెయ్యి తియ్యలేదు, ఇంకా వింటూనే ఉంది.