తూము కాడి పార

నేను బడి మొఖం చూడలేదు. ఖురాన్ అమ్మీ నేర్పింది. తెలుగు అక్షరాలు మా భాయ్ నేర్పాడు, పొలం నుంచి వచ్చి బురద కాళ్ళతోనే అరుగు మీద కూర్చోబెట్టి. ఆ అక్షరాలతోనే అతనికి యావజ్జీవం పడిన వార్త పేపర్లో చదివాను.

మా ఇల్లు బాన్సువాడలో, పొలం బీర్కూర్ దారిలో. కాలువ నీళ్ళు వంతుల మీద వస్తాయి. మా తర్వాత వంతు పక్క పొలం ఆయనది. ఒక పొద్దున ఆయన తూము దగ్గర తల పగిలి, ప్రాణం పోయి పడి ఉన్నాడు. పక్కన నెత్తురంటిన పార. దాని కర్ర కామ మీద భాయ్ కాల్చి వేసుకున్న గుర్తు. అంతకు కొన్నాళ్ళ ముందే నీళ్ళ కోసం ఇద్దరూ గట్టిగా అరుచుకున్నారు.

కోర్టులో చుట్టుపక్కల రైతులను ఆ పార ఎవరిదని అడిగారు. అబద్ధమాడని మనుషులు. "గాయనదే సార్" అన్నారు. భాయ్ కొట్టగా చూసినవాళ్ళు ఒక్కరూ లేరు. అయినా శిక్ష పడింది.

అమ్మీ మంచం పట్టింది. నాకు మాత్రం గుండె నిబ్బరంగానే ఉండేది. తెల్లవారుజామున ఫజర్ నమాజు తర్వాత దువాలో బతిమాలేదాన్ని కాదు, "నువ్వు చూసినవు కదా" అనేదాన్ని. జైలుకు ములాఖత్‌కు పోతే భాయ్ ఇనుప జాలీ అవతల నుంచి, "వరికి నీళ్ళు పెడ్తున్నవా?" అనేవాడు.

"పెడ్తున్న. నీ లెక్క గట్లు తెంపుకుంటలేను" అంటే నవ్వేవాడు.

హైకోర్టులో అప్పీలు వేసిన వకీలు సాబు పట్నం మనిషి. ఒకరోజు నన్ను అడిగాడు: "మీ భాయ్ పార ఇంటికి తెచ్చుకోకుండా అక్కడెందుకు పడేశాడమ్మా? కొట్టి పారిపోయాడనే కదా పోలీసుల మాట."

నాకు నవ్వొచ్చింది. "తూము కాడి పారను ఇంటికెవరు తెస్తరు సార్? వంతు అయినంక కడిగి ఆడనే నిలవెడ్తరు. తర్వాతి వంతాయన దాంతోనే నీళ్ళు మలుపుకుంటడు. ఇంటికి తెస్తే, ఏంది, పారకు పెండ్లి చేస్తవా అంటరు."

ఆయన నవ్వలేదు. "ఈ మాట అప్పుడెవరూ ఎందుకు చెప్పలేదు?"

"ఎవరూ అడగలే. మాకేమో అది చెప్పే మాటని తెల్వదు."

ఆయన సాక్షుల వాంగ్మూలాలన్నీ మళ్ళీ చదివాడు. ఒక ముసలి రైతు ఎదురు ప్రశ్నలకు జవాబిస్తూ, "పార ఎప్పుడు తూము కాడనే ఉంటది" అని ఊరికే అనేసి ఉన్నాడు. ఆ ముసలాయనకు అల్లా మేలు చేయాలి. పార ఎవరిదో తెలిసింది గాని ఆ పొద్దున ఎవరి చేతిలో ఉందో తెలియలేదని, ఇంకే సాక్ష్యమూ లేదని హైకోర్టు శిక్ష కొట్టేసింది. వకీలు సాబు ఫోన్ చేసినప్పుడు నేను బియ్యం ఏరుతున్నాను. చాటతోనే సజ్దాలోకి వంగబోయాను.

భాయ్ ఇంటికైతే వచ్చాడు గాని పొలానికి పోలేదు. చాయ్ హోటల్ దగ్గర ఎవరో, "సాక్ష్యం లేక ఇడిచిండ్రు, చెయ్యలేదని ఇడిచిండ్రా?" అన్నది అతని చెవిన పడింది. కాలువ వదిలిన రోజు నేనే కొత్త పార కొని చేతిలో పెట్టాను. కామ మీద గుర్తు కాల్చుకున్నాడు.

మా వంతు అయ్యాక అడిగాడు, "ఇంటికి తేవాల్నా?"

"ఎప్పటి లెక్కనే పెట్టు" అన్నాను.

ఇప్పుడు మా తర్వాత వంతు చనిపోయినాయన భార్యది. గట్టు మీద మేమిద్దరం నిలబడే ఉన్నాం. ఆమె వచ్చింది. పారను చూసింది, గుర్తును చూసింది. కొంగు బిగించి పార అందుకుంది. మడికి నీళ్ళు మలుపుకుంటూ తలెత్తకుండానే అంది:

"కామ సాపు చెయ్యకపోతివి భాయ్. చేతికి గుచ్చుకుంటది."

ఆమె వంతు అయిపోయాక భాయ్ గాజుపెంకు పట్టుకుని తూము దగ్గరికే పోయి, కామ గీకుతూ కూర్చున్నాడు. నేను అమ్మీకి చెప్పడానికి ఇంటికి నడిచాను.